కాంటా సిస్టమ్‌లోని పాత డీఎల్ఎల్, ఓసీఎక్స్ ఫైళ్లు దేనివో తేల్చేదెట్ల?

మిర్యాలగూడ_కాంటా:
రైస్ మిల్లు వేబ్రిడ్జి సిస్టమ్ ఇంకా విండోస్ ఎక్స్‌పీ మీదనే నడుస్తున్నది. వడ్ల లారీ తూకం తీసి స్లిప్పు కొట్టే ప్రోగ్రాం విజువల్ బేసిక్ 6 (వీబీ6)లో రాసింది. రాసినాయన అందుబాటులో లేడు, సెటప్ సీడీ లేదు. ఫోల్డర్ల వందకు పైన డీఎల్ఎల్, ఓసీఎక్స్ ఫైళ్లున్నయి (ప్రోగ్రాం నడిచేటప్పుడు పిలుచుకునే తోడు ఫైళ్లు). విండోస్ 10, 64 బిట్ మీదికి మార్చాలె. ఏది మైక్రోసాఫ్ట్‌ది, ఏది బయట కొన్నది, ఏది ఆయన సొంతంగ రాసింది? పేర్లను బట్టి అర్థమైతలేదు, తేదీలేమో అన్నిటికీ ఒక్కటే ఉన్నయి.

నల్గొండ_హెక్స్:
ఎక్స్‌ప్లోరర్ చూపించే తేదీలు వదిలేయండి. కాపీ చేస్తేనే క్రియేటెడ్ తేదీ మారిపోతుంది. ఫైల్ లోపల ఏముందో చూడాలి.

ఫోల్డర్ మొత్తం వేరే సిస్టమ్‌లోకి తెచ్చి, మైక్రోసాఫ్ట్ వారి సిస్‌ఇంటర్నల్స్ సిగ్‌చెక్ అనే టూల్‌ను ఏ, హెచ్, ఎస్, సీ స్విచ్చులతో నడపండి. వెర్షన్ వివరాలు, హ్యాష్‌లు (ఫైల్‌కు వేలిముద్ర లాంటి అంకెలు) సీఎస్‌వీగా, అంటే ఎక్సెల్‌లో తెరుచుకునే పట్టికగా వస్తాయి. ఎక్సెల్‌లో కంపెనీ కాలమ్ మీద సార్ట్ చేస్తే సగం తేలిపోతాయి. తర్వాత ఒరిజినల్ నేమ్ కాలమ్‌ను ఫైల్ పేరుతో పోల్చండి. తేడా ఉంటే ఎవరో పేరు మార్చి పెట్టి ఉండొచ్చు. ఒకే పేరుతో రెండుంటే ఎస్‌హెచ్ఏ256 అనే హ్యాష్ చూడండి, అది కలిస్తే రెండూ ఒకటే.

మెషీన్ టైప్ 16 బిట్ అని వస్తే 64 బిట్ విండోస్‌లో నడవదు, వేరే పెట్టండి. అనుమానముంటే హెక్స్ ఎడిటర్‌లో (ఫైల్‌లోని బైట్లను నేరుగా చూపే టూల్) తెరవండి. మొదట్లో ఎంజెడ్ ఉంటుంది. 3సీ ఆఫ్‌సెట్‌లోని (ఫైల్ మొదలు నుంచి లెక్కించే స్థానం) అంకె చూపిన చోటికి వెళ్తే, ఎన్ఈ అంటే విండోస్ 3.1 కాలపు 16 బిట్. పీఈ ఉండి, రెండు సున్నా బైట్ల తర్వాత 4సీ 01 వస్తే 32 బిట్, 64 86 వస్తే 64 బిట్.

సిగ్‌చెక్‌లో లింక్ తేదీ (ఫైల్ తయారైన తేదీ) 1992 జూన్ 19 అని కనబడితే అది అసలు తేదీ కాదు. డెల్ఫీ అనే ప్రోగ్రామింగ్ టూల్ పాత వెర్షన్లు ప్రతి ఫైల్‌కూ అదే ముద్ర కొట్టేవి. డెల్ఫీలో చేసిందని మాత్రం పట్టిచ్చేస్తుంది.

పాలమూరు_వీబీ:
అదంత కరెక్టే గని వీబీ6 కాడ ఒక మెలిక ఉంది. డిపెండెన్సీ వాకర్ అనే టూల్‌ల ప్రోగ్రాం ఈఎక్స్ఈ తెరిస్తే ఇంపోర్ట్స్‌ల (అది పిలిచే ఫైళ్ల జాబితా) ఎంఎస్‌వీబీవీఎం60 ఒక్కటే కనబడ్తది, అది వీబీ6 ప్రోగ్రాంలను నడిపే ఫైల్. అది చూసి మిగతావన్ని అక్కర్లేనివని తీసేస్తే కొంప మునుగుతది. కోడ్‌ల డిక్లేర్ అనే ఆదేశంతో పిలిచే డీఎల్ఎల్‌లు, క్రియేట్‌ఆబ్జెక్ట్ అనే ఆదేశంతో పిలిచేవి నడిచేటప్పుడే లోడ్ అయితయి, ఇంపోర్ట్ టేబుల్‌ల ఉండవు. ఈఎక్స్ఈ మీద స్ట్రింగ్స్ టూల్ (ఫైల్‌లోని అక్షరాలను ఏరి చూపేది) నడపాలె: మొదటి రకం పేర్లు ఆస్కీల (అక్షరానికి ఒక బైట్), రెండో రకం యూనికోడ్‌ల (అక్షరానికి రెండు బైట్లు) దొరుకుతయి. ఆస్కీ ఒక్కటే వెతికితే సగం జారిపోతయి.

క్రియేట్‌ఆబ్జెక్ట్ పేరు దొరికినంక, ఎక్స్‌పీ రిజిస్ట్రీల (విండోస్ సెట్టింగులు దాచే చోటు) దాని సీఎల్ఎస్ఐడీ (గుర్తింపు నంబరు) పట్టుకొని ఇన్‌ప్రాక్‌సర్వర్32 చూడు, ఫైల్ పాత్ అండ్లనే ఉంటది. ఆ సిస్టమ్ బతికుండంగనే ఈ పని చెయ్యి, ఫార్మాట్ కొట్టినంక ఏం దొరకదు.

ఫైల్ ఎక్స్‌పోర్ట్స్‌ల (అది బయటికిచ్చే ఫంక్షన్ల జాబితా) డీఎల్ఎల్‌రిజిస్టర్‌సర్వర్ ఉంటే దాన్ని విండోస్‌ల రిజిస్టర్ చెయ్యాలె. లేకుంటే ఈఎక్స్ఈ పక్కన పెడితే చాలు. సెక్షన్ పేరు యూపీఎక్స్0 అని ఉంటే అది యూపీఎక్స్ టూల్‌తో ప్యాక్ చేసిన (కుదించిన) ఫైల్. విప్పినంకనే ఇంపోర్ట్స్ చూడు.

మిర్యాలగూడ_కాంటా:
చూసిన. ఎంఎస్‌కామ్32 ఓసీఎక్స్ (సీరియల్ పోర్టుతో మాట్లాడేది) మైక్రోసాఫ్ట్‌ది అని తేలింది. ఇంకో డీఎల్ఎల్ కంపెనీ గడిల ఉత్త ‘హోమ్’ అని ఉంది. 32 బిట్, ఎంఎస్‌వీబీవీఎం60 ఇంపోర్ట్, డీఎల్ఎల్‌రిజిస్టర్‌సర్వర్ ఉంది. విండోస్ 10ల రెగ్‌ఎస్‌వీఆర్32 (రిజిస్టర్ చేసే కమాండ్) కొడితే 8002801సీ ఎర్రర్ వస్తున్నది.

నల్గొండ_హెక్స్:
‘హోమ్’ అన్నది ఆ ప్రోగ్రామర్ సొంత డీఎల్ఎలే అయ్యుంటుంది. విండోస్ వేసేటప్పుడు సంస్థ పేరు దగ్గర కొట్టింది వీబీ6 అలాగే కంపెనీగా తీసుకుంటుంది. మైక్రోసాఫ్ట్ ఫైల్ పోతే ఇంకోచోట దొరుకుతుంది, ఇది మాత్రం ఎక్కడా దొరకదు. ముందు రెండు చోట్ల దాచి, హ్యాష్ రాసి పెట్టుకోండి.

ఆ ఎర్రర్ రిజిస్ట్రీలో రాసే అనుమతి లేక వచ్చేది. కమాండ్ ప్రాంప్ట్‌ను అడ్మినిస్ట్రేటర్‌గా తెరిచి, సిస్‌వావ్64లోని (64 బిట్ విండోస్‌లో 32 బిట్ ఫైళ్ల ఫోల్డర్) రెగ్‌ఎస్‌వీఆర్32తో కొట్టండి. ఓసీఎక్స్‌ను కూడా సిస్‌వావ్64లోనే పెట్టండి. పేరెట్లున్నా సిస్టమ్32 అనేది 64 బిట్ ఫైళ్లకు.

పాలమూరు_వీబీ:
కాంటా ఇండికేటర్‌కు (బరువు చూపే డబ్బా) యూఎస్‌బీ కన్వర్టర్ పెడుతున్నవా? ఎంఎస్‌కామ్ 1 నుంచి 16 దాకనే పోర్టు నంబర్లు తీసుకుంటది. విండోస్ దానికి పోర్టు నంబరు 17 ఇస్తే డివైస్ మేనేజర్ల తగ్గించుకో.