అప్‌డేట్: అర్ధరాత్రి తలుపు కొట్టే మొగుడి కథ దొరికింది

మొన్న అడిగాను కదా, మొగుడు అర్ధరాత్రి వచ్చి తలుపు కొడితే లోపల పెళ్లాం ఉండదు, ఉత్తరం మాత్రం ఉంటుంది, ఆ కథేంటని. చాలామంది చెప్పినట్టే అది గురజాడ ‘దిద్దుబాటు’. 1910లో ‘ఆంధ్రభారతి’లో వచ్చిందట. విజయవాడ లెనిన్ సెంటర్‌లో పాత పుస్తకాల షాపులో దొరికింది, అట్ట ఊడిపోయి. బేరం కూడా ఆడలేదు.

రాత్రి మావారికి చదివి వినిపించా. (ఆఫీసు పార్టీలంటూ ఆయనా లేటే లెండి.) ఉత్తరం చూసి కథలో మొగుడు గోపాల్రావు కంగారుపడుతుంటే నవ్వారు. పెళ్లాం కమలిని మంచం కిందే ఉందని తెలిశాక మాత్రం, "అంటే అంతా వింటూనే ఉందా!" అన్నారు.

నాకు బాగా నచ్చింది వేరే. సానిపాటకి వెళ్లొచ్చిన ఆ పెద్దమనిషి, నౌకరు రాముడి ముందు స్త్రీవిద్య మీద ఉపన్యాసం దంచుతాడు చూడండి, పడీపడీ నవ్వాను. చదువుకున్న భార్య గనకే అంత ఘాటు ఉత్తరం రాసింది మరి. పాపం, మధ్యలో దెబ్బలు తిన్నది రాముడు.

కమలిని తేలిగ్గా క్షమించేసిందని ఒకరు రాశారు. నాకలా అనిపించలేదు, బెదరగొట్టి వదిలింది, అంతే. ఈ వారం మావారు తొమ్మిదింటికల్లా ఇంట్లో ఉంటున్నారు. కథ వల్లో, ఆఫీసులో పని తగ్గో, నేనైతే అడగలేదు.