అప్‌డేట్: థెరపీలో తగ్గిన భయం ఇంటికొస్తే మళ్ళీ ఎందుకొస్తోందని అడిగాను కదా

గుర్తులేనివాళ్ళకి: ఓసీడీకి (వద్దన్నా వచ్చే భయాలు, వాటికోసం పదేపదే చేతులు కడగడం లాంటివి) ఎక్స్‌పోజర్ థెరపీ చేస్తున్నా, అంటే భయపడే పనినే కావాలని చేయడం, థెరపిస్ట్ రూమ్‌లో డోర్ హ్యాండిల్ పట్టుకుని చేతులు కడుక్కోకుండా బానే కూర్చుంటున్నా, ఇంటికొచ్చి అదే పని చేస్తే మళ్ళీ గుండె దడ, అంటే ట్రీట్‌మెంట్ పనిచేయనట్టేనా అని అడిగా.

థెరపిస్ట్‌నే అడిగేశా. ఇలా థెరపీలో భయం తగ్గడాన్ని ఎక్స్‌టింక్షన్ అంటారంట, అంటే పాత భయం డిలీట్ అవడం కాదంట, "ముట్టుకున్నా ఏం కాలేదు" అనే కొత్త జ్ఞాపకం దాని పక్కన చేరి రెండూ పోటీ పడతాయంట, పైగా ఆ కొత్తది నేర్చుకున్న చోటుకే ఎక్కువ అతుక్కుని ఉంటుంది కాబట్టి చోటు మారగానే పాతది లేస్తుంది, దీన్ని రెన్యువల్ అంటారు. గ్యాప్ ఇచ్చినా భయం తిరిగి రావచ్చు, పావ్లోవ్ అనే రష్యన్ సైంటిస్ట్ కుక్కల మీద చేసిన ప్రయోగాల్లోనే ఇలాంటిది కనిపించిందంట.

అందుకే ఇప్పుడు ఇంట్లో, ఆఫీసులో, బస్సులో, మూడ్ బాలేనప్పుడు కూడా చేయిస్తున్నారు. ముందు ఏం జరుగుతుందని భయమో రాయాలి, తర్వాత నిజంగా ఏం జరిగిందో చూడాలి. భయం తగ్గేదాకా ఆగడం కంటే ఈ తేడా చూడటమే ముఖ్యమంట, నాకైతే ఇదే బాగా ఎక్కింది. జేబులో శానిటైజర్ ఉంచుకోవడం, "ఏం కాదు కదా అక్కా" అని పదేపదే అడగడం కూడా బంద్, అవి ఉంటే "దానివల్లే బతికిపోయా" అనుకుంటుంది మెదడు. అక్కకి కూడా జవాబు చెప్పొద్దన్నారు, పాపం తనకే ఎక్కువ కష్టంగా ఉంది.

మందులు అడిగినవాళ్ళకి, డాక్టర్ ఇచ్చిన ఎస్ఎస్ఆర్ఐ (డిప్రెషన్‌కీ, ఓసీడీకీ ఇచ్చే ఒక రకం మందు) కంటిన్యూ చేస్తున్నా. హ్యాండిల్ ఓకే, బాత్రూమ్ కుళాయితో ఇంకా గొడవే.