యాసయి మారి గొంతు రికార్డింగ్ ఎక్కడైనా దొరుకుతుందా?

హంగేరీ నాటకరంగంలో పెద్ద పేరున్న నటి యాసయి మారి (1850–1926) గురించి వెతుకుతున్నా, 1872లో బుడాపెస్ట్ నేషనల్ థియేటర్‌లో చేరింది, 1883లో మదాచ్ రాసిన 'ది ట్రాజెడీ ఆఫ్ మ్యాన్' నాటకం మొదటిసారి ఆడినప్పుడు ఈవ్ పాత్ర ఈవిడదే. 1914లో కెర్తేస్ (తర్వాత హాలీవుడ్‌లో మైకేల్ కర్టిజ్ అయిన దర్శకుడు) తీసిన 'అ టోలొంట్స్' సినిమా ప్రింట్ న్యూయార్క్‌లో దొరికింది కాబట్టి అందులో ముఖం చూశా, ఆ కళ్ళు మర్చిపోలేం, కానీ అది మూకీ కదా, ఈవిడ అసలు బలం డైలాగ్ చెప్పడమే అంటారు.

యూట్యూబ్‌లో పేరు ముందు పెట్టి, ఇంటిపేరు ముందు పెట్టి, హంగేరియన్ స్పెల్లింగ్‌తో, 'గ్రామఫోన్' కలిపి కూడా వెతికా, బుడాపెస్ట్‌లో మార్గరెట్ వంతెన దగ్గర ఈవిడ పేరున్న ట్రామ్ స్టాప్ వీడియోలే వస్తున్నాయి. ఒక ఆర్కైవ్‌కి మెయిల్ పెట్టా, రిప్లై లేదు.

ఈవిడ పద్యమో డైలాగో చదివిన పాత రికార్డు ఆన్‌లైన్‌లో ఎక్కడ వినొచ్చో ఎవరికైనా తెలుసా?