గేమ్ లోడ్ కాకపోతే ముందు అనుమానించాల్సింది ఫైల్‌నా, ఎమ్యులేటర్‌నా?

బిట్‌బాటసారి

హ్యాండ్‌హెల్డ్ ఎమ్యులేటర్‌లో (చేతిలో పట్టుకుని ఆడే గేమ్ మెషిన్‌ని అనుకరించే సాఫ్ట్‌వేర్‌లో) గేమ్ తెరుచుకోవడం లేదని ఎవరు అడిగినా ఇక్కడ వచ్చే సలహాలు దాదాపు ఒకటే. గ్రాఫిక్స్ సెట్టింగ్‌లో వల్కన్ తీసేసి ఓపెన్‌జీఎల్ పెట్టు, కోర్ (యాప్ లోపల గేమ్‌ని నడిపే భాగం) మార్చు, యాప్ తీసేసి మళ్లీ ఇన్‌స్టాల్ చెయ్యి. పాపం, అడిగినవాళ్లు అవన్నీ ఒక్కసారే చేసేస్తారు. ఆ తర్వాత ఏది మారింది, ఏది కొత్తగా పాడైంది అన్నది వాళ్లకీ తెలియదు, మనకీ తెలియదు. నా వాదన సూటిగా చెబుతాను: సెట్టింగులు ముట్టుకోకముందే ఫైల్‌ని పరీక్షించాలి.

కారణం ఇది. ఎంజీబీఏ (గేమ్‌బాయ్ అడ్వాన్స్‌ది), పీపీఎస్‌ఎస్‌పీపీ (పీఎస్‌పీది) లాంటి ఎమ్యులేటర్లు నిన్న మొన్న పుట్టినవి కావు. పీపీఎస్‌ఎస్‌పీపీ 2012 నుంచి ఉంది. పేరున్న గేమ్‌లన్నీ వాటిలో ఎందరో ఆడి చూసినవే. అలాంటి గేమ్ మామూలు సెట్టింగులతో మీ దగ్గర మాత్రమే లేవడం లేదంటే, అందరి దగ్గరా లేనిది మీ దగ్గర ఏముందో చూడాలి. చాలాసార్లు అది మీ ఫైల్.

మొదట సైజు చూడండి. గేమ్‌బాయ్ అడ్వాన్స్ గేమ్ మామూలుగా 32 ఎంబీ దాటదు. పీఎస్‌పీ యూఎండీ డిస్క్‌లో పట్టేది సుమారు 1.8 జీబీ. ఫైల్ కొన్ని కేబీలే ఉంటే టెక్స్ట్ ఎడిటర్‌లో తెరవండి. మొదటి లైన్‌లో హెచ్‌టీఎంఎల్ కనబడితే అది గేమే కాదు, గేమ్ పేరుతో సేవ్ అయిన వెబ్ పేజీ. సైజు సరిగ్గా ఉంటే ఫైల్ హ్యాష్‌ని, అంటే దాని డేటా నుంచి వచ్చే గుర్తింపు అంకెని (సీఆర్‌సీ32 గానీ ఎస్‌హెచ్‌ఏ-1 గానీ) లెక్కగట్టి, సరైన కాపీల జాబితాతో పోల్చండి. కార్ట్రిడ్జ్ గేమ్‌లకు నో-ఇంట్రో, డిస్క్ గేమ్‌లకు రీడంప్ ఉన్నాయి. హ్యాష్ కలవలేదా, ఇక సెట్టింగుల మీద గంటలు పోయడం అనవసరం.

దారిచూపు

మీరు చెప్పిన పద్ధతి తెలిసినవాళ్లకు బాగానే ఉంటుంది. కానీ ఇక్కడ అడిగేవాళ్లలో ఎక్కువమంది ఫోన్‌లో ఆడేవాళ్లు. వాళ్ల ఇబ్బంది ఫైల్ పాడవడం కాదండీ, ఫైల్ ఎమ్యులేటర్‌కి కనబడకపోవడం. ఆండ్రాయిడ్ 11 నుంచి యాప్‌లు మెమరీ అంతా తమ ఇష్టం వచ్చినట్టు చదవలేవు. ఏ ఫోల్డర్ చదవాలో మనమే ఎంచి అనుమతి ఇవ్వాలి. గేమ్‌ల ఫోల్డర్‌ని తర్వాత వేరే చోటికి జరిపినా, పేరు మార్చినా, ఎమ్యులేటర్ లిస్ట్‌లో పాత ఐకాన్ అలాగే ఉంటుంది, నొక్కితే మాత్రం ఏమీ జరగదు. హ్యాష్ వంద శాతం కలిసినా అక్కడ ఒరిగేదేమీ లేదు.

ఇంకోటి, కొత్తవాళ్లు జిప్, రార్ ఫైళ్లను విప్పకుండానే పెట్టేస్తారు. గేమ్‌బాయ్ ఎమ్యులేటర్లు చాలావరకు జిప్‌ని నేరుగా చదువుకుంటాయి. దాంతో పీఎస్‌పీకి కూడా అదే నడుస్తుందని అనుకుంటారు. ఇలాంటి మనిషికి ఎస్‌హెచ్‌ఏ-1 గురించి చెబితే టెన్షన్ పడి అసలు ఎమ్యులేటర్ ఆలోచనే మానుకుంటారు. ముందు అనుమతులు, ఫోల్డర్, ఫైల్ రకం. ఫైల్ పరీక్ష ఆ తర్వాత.

కొత్తచెయ్యి

నా సమస్యా ఇలాంటిదే. హ్యాండ్‌హెల్డ్ మెషిన్‌లో ఒక పీఎస్‌పీ గేమ్ లిస్ట్‌లో కనబడుతుంది, కవర్ బొమ్మ కూడా వస్తుంది. తెరిస్తే స్క్రీన్ నల్లగా అయిపోయి మళ్లీ లిస్ట్‌కే వచ్చేస్తుంది. మిగతా గేమ్‌లు బాగానే ఆడుతున్నాయి. ఫైల్ సీఎస్‌ఓ రకం. సీఆర్‌సీ చూశాను, రీడంప్ జాబితాలో ఎక్కడా లేదు. అంటే ఫైల్ పాడైనట్టేనా?

బిట్‌బాటసారి

అప్పుడే అలా తేల్చేయకండి. సీఎస్‌ఓ అంటే కుదించిన ఐఎస్‌ఓ (డిస్క్ మొత్తానికి కాపీ అయిన ఫైల్). జాబితాలో ఉండే హ్యాష్ అసలు ఐఎస్‌ఓది. కుదించిన ఫైల్ హ్యాష్ ఎప్పటికీ కలవదు. కంప్యూటర్‌లో దాన్ని తిరిగి ఐఎస్‌ఓగా విప్పి, అప్పుడు పోల్చండి. సీహెచ్‌డీ అనే మరో కుదించిన రకానికీ ఇదే మాట. పైగా పీపీఎస్‌ఎస్‌పీపీ 1.17 కంటే పాతదైతే సీహెచ్‌డీ అసలు తెరుచుకోదు, అది కూడా చూసుకోవాలి.

జిప్ అయితే పని ఇంకా తేలిక. లోపలి ఫైల్ సీఆర్‌సీ32 జిప్‌లోనే రాసి ఉంటుంది. విప్పకుండానే ఆర్కైవ్ సాఫ్ట్‌వేర్‌లో ఆ కాలమ్ చూసుకోవచ్చు. దారిచూపు గారూ, దీనికి టెన్షన్ పడాల్సిందేమీ లేదు. ఒక అంకె చూసి ఇంకో అంకెతో పోల్చడమే.

కవర్ బొమ్మ కనబడింది కదా, ఫైల్ బాగున్నట్టే అనుకునేవాళ్లూ ఉన్నారు. ఆ బొమ్మ ఐఎస్‌ఓలో ఒక చిన్న ముక్క మాత్రమే. ఆ భాగం బాగుండి, గేమ్ మొదలయ్యేటప్పుడు చదివే భాగం పాడైతే మీరు చెప్పినట్టే జరుగుతుంది.

త్రీడీ_తెర

హ్యాష్ కలిస్తే ఫైల్ మీద అనుమానం పోయినట్టే అన్న నమ్మకంతోనే నాకు పేచీ. నా ఉదాహరణ వినండి. నా సొంత నింటెండో త్రీడీఎస్ కార్ట్రిడ్జ్ నుంచి నేనే డంప్ (గేమ్ కాపీ) తీసుకున్నాను. హ్యాష్ నో-ఇంట్రో జాబితాతో అచ్చంగా కలిసింది. అజహార్ అనే త్రీడీఎస్ ఎమ్యులేటర్‌లో మాత్రం తెరుచుకోలేదు. ఎందుకంటే నో-ఇంట్రోలో త్రీడీఎస్‌కి రెండు జాబితాలు ఉన్నాయి, ఎన్‌క్రిప్ట్ అయినవి (రహస్య సంకేతంలో ఉన్నవి) వేరు, డీక్రిప్ట్ అయినవి (ఆ సంకేతం విప్పినవి) వేరు. నాది మొదటి రకం. కార్ట్రిడ్జ్‌లో ఉన్నది ఉన్నట్టు తీసిన నికార్సైన కాపీ, కానీ అజహార్‌కి కావాల్సింది డీక్రిప్ట్ చేసినది.

పైగా అజహార్ త్రీడీఎస్ ఎక్స్‌టెన్షన్ ఉన్న ఫైళ్లను తీసుకోదు. డీక్రిప్ట్ అయిన ఫైల్ అయితే ఎక్స్‌టెన్షన్‌ని సీసీఐగా మారిస్తే చాలు. ఎన్‌క్రిప్ట్ అయిన దానికి పేరు మార్చి లాభం లేదు. ఈ తేడా చెప్పకుండా "పేరు మార్చు, పనిచేస్తుంది" అని రాసేవాళ్ల వల్ల ఎందరో తిరిగిన చోటే తిరుగుతున్నారు. గాడ్‌మోడ్9 అనే ప్రోగ్రామ్‌తో మీ కన్సోల్‌లోనే డీక్రిప్ట్ చేసుకోవచ్చు, బయటి టూల్స్ ఏమీ అక్కర్లేదు.

ఇక ఎమ్యులేటర్ తప్పు అరుదు అంటున్నారు. మరో త్రీడీఎస్ ఎమ్యులేటర్ సిట్రా 2024 మార్చిలో ఆగిపోయింది. స్విచ్ ఎమ్యులేటర్ యుజు మీద నింటెండో వేసిన కేసు 24 లక్షల డాలర్ల సెటిల్‌మెంట్‌తో ముగిసినప్పుడే ఇదీ మూతపడింది. అప్పటి నుంచి సిట్రా పేరుతో ఎవరెవరో కట్టిన కాపీలు తిరుగుతున్నాయి. వాటిలో ఏముందో, ఏ పాత కోడ్ మీద కట్టారో ఎవరికి తెలుసు? ఒకరి దగ్గర తెరుచుకునే ఫైల్ ఇంకొకరి దగ్గర తెరుచుకోకపోతే, ఇద్దరూ వాడేది ఒకటే వెర్షన్ అని ఎలా అనుకుంటారు? త్రీడీఎస్ వరకు నేను ముందు అడిగేది ఎమ్యులేటర్ పేరు, వెర్షన్. ఆ తర్వాతే ఫైల్.

రోమ్‌రాజు

త్రీడీఎస్ దాకా వెళ్లనక్కర్లేదు. గేమ్‌బాయ్ అడ్వాన్స్‌లో క్లాసిక్ నెస్ సిరీస్ అని కొన్ని గేమ్‌లు వచ్చాయి. ఎమ్యులేటర్‌లో నడవకూడదనే వాటిలో కావాలని పరీక్షలు పెట్టారు. అసలు హార్డ్‌వేర్‌కే ఉండే చిన్న చిన్న లక్షణాలను తడిమి చూసి, తేడా కనబడితే గేమ్ పాక్ ఎర్రర్ అని చూపిస్తాయి. పాత ఎమ్యులేటర్లు వాటి దగ్గర బోల్తా పడేవి. ఫైల్‌లో ఒక్క బిట్ కూడా తేడా ఉండదు, అయినా ఆడదు. ఎంజీబీఏ ఆ పరీక్షలను దాటుతుంది. అంటే ఇక్కడ మార్చాల్సింది ఎమ్యులేటర్‌నే.

దీనికి పూర్తి తలకిందులైన కేసు బూట్ రోమ్‌ది (మెషిన్ ఆన్ కాగానే ముందు నడిచే చిన్న ప్రోగ్రామ్, బయోస్ అనీ అంటారు). మొదటి గేమ్‌బాయ్ బూట్ రోమ్ 256 బైట్లే. గేమ్ ఫైల్‌లో హెక్స్ 104 నుంచి 133 వరకు ఉండే నింటెండో లోగో 48 బైట్లు, హెడర్ చెక్‌సమ్, ఈ రెండూ సరిచూస్తుంది. తేడా ఉంటే అక్కడే ఆగిపోతుంది. ఎమ్యులేటర్‌లో అసలు బూట్ రోమ్ పెట్టకపోతే ఆ పరీక్షే ఉండదు కాబట్టి హెడర్ పాడైన ఫైల్ కూడా నడిచిపోవచ్చు. బూట్ రోమ్ పెట్టగానే ఆగుతుంది. "నిన్నటిదాకా నడిచింది, బయోస్ పెట్టాక పోయింది" అని ఎవరైనా అంటే పడేయాల్సింది బయోస్‌ని కాదు, చూడాల్సింది ఆ ఫైల్ హెడర్‌ని. ఈ ఒక్క విషయంలో బిట్‌బాటసారి గారితో పూర్తిగా ఏకీభవిస్తాను.

బయోస్ ఫైల్‌ది మరో గొడవ. గేమ్‌బాయ్ అడ్వాన్స్ బయోస్ సరిగ్గా 16,384 బైట్లు ఉండాలి. నింటెండో డీఎస్‌కి రెండు ప్రాసెసర్లు, రెండు బయోస్‌లు: ఏఆర్‌ఎం7ది 16 కేబీ, ఏఆర్‌ఎం9ది 4 కేబీ. రెండింటినీ తారుమారు చేసి పెట్టేవాళ్లు బోలెడుమంది. లైనక్స్ మీద నడిచే మెషిన్లలో ఫైల్ పేరులో పెద్దక్షరం, చిన్నక్షరం తేడా ఉన్నా, ఎన్నో ఎమ్యులేటర్ కోర్‌లను నడిపే రెట్రోఆర్చ్ యాప్‌కి అది దొరకకపోవచ్చు. నిజానికి ఎంజీబీఏకి బయోస్ లేకపోయినా పర్వాలేదు, పీపీఎస్‌ఎస్‌పీపీకి అసలు అక్కర్లేదు. పీఎస్‌పీ గేమ్ లేవడం లేదంటే "బయోస్ పెట్టావా" అని అడగడం ఇకనైనా మానాలి. పీఎస్ వీటా ఎమ్యులేటర్ వీటా3కే సంగతి వేరు. దానికి ఫర్మ్‌వేర్, విడిగా ఫాంట్ ప్యాకేజీ రెండూ ఇన్‌స్టాల్ చేయాలి.

దారిచూపు

నేనొకటి అడుగుతాను. అభిమానులు చేసిన అనువాదాలు, హ్యాక్‌లు (మార్చిన గేమ్‌లు) ఆడేవాళ్ల పరిస్థితి ఏమిటి? ప్యాచ్ (మార్పులు మాత్రమే ఉన్న ఫైల్) వేసిన గేమ్ హ్యాష్ ఏ జాబితాలోనూ ఉండదు కదా. మీ లెక్కన వాళ్ల ఫైళ్లన్నీ చెడ్డవే.

బిట్‌బాటసారి

అక్కడ చూడాల్సింది ప్యాచ్ వేయకముందు ఉన్న అసలు ఫైల్ హ్యాష్. ఐపీఎస్ ప్యాచ్ తన కింద ఉన్న ఫైల్ ఏదో చూసుకోదు. వేరే ప్రాంతం వెర్షన్ మీద వేసినా మారు మాట లేకుండా రాసేస్తుంది. ఆ తర్వాత తెల్ల స్క్రీన్ వస్తుంది. బీపీఎస్ అలా కాదు. అసలు ఫైల్ సీఆర్‌సీ32, ప్యాచ్ అయ్యాక రావాల్సిన సీఆర్‌సీ32 రెండూ దాంట్లోనే ఉంటాయి. తప్పు ఫైల్ ఇస్తే వేయనంటుంది. హ్యాక్‌లు చేసేవాళ్లు ఐపీఎస్ మాని బీపీఎస్‌లో విడుదల చేస్తే ఇక్కడి ప్రశ్నల్లో ఒక పెద్ద వాటా మాయమవుతుంది. ఇది నేను మనస్ఫూర్తిగా కోరుకునేది.

త్రీడీ_తెర గారి మాట ఒప్పుకుంటాను. హ్యాష్ కలిస్తే అది ఏ ఫైలో తెలుస్తుంది, ఫలానా ఎమ్యులేటర్‌కి సరిపోతుందో లేదో తెలియదు. అయినా ఆ సంగతి తేలింది కూడా హ్యాష్ వల్లనే కదా. ఎన్‌క్రిప్ట్ అయిన జాబితాలో కలిసింది కాబట్టే కారణం దొరికింది.

త్రీడీ_తెర

లేదండీ, కారణం చెప్పింది ఎర్రర్ మెసేజ్. ఎన్‌క్రిప్ట్ అయిన ఫైల్ అని అజహారే స్క్రీన్ మీద చూపించింది. జనం దాన్ని చదవకుండా ఓకే నొక్కేసి ఇక్కడికొచ్చి "ఎర్రర్ వస్తోంది" అని రాస్తారు. ఏ ఎర్రర్? ఆ వాక్యం ఉన్నదున్నట్టు రాయకపోతే సమాధానం ఇవ్వకూడదని రూల్ పెట్టినా నాకు సమ్మతమే.

నీలిగుండీ

మొదటిసారి రాస్తున్నాను. "ఫైల్ ఎక్కడిది" అని అడగగానే ఇక్కడ కొందరు పోలీసు ప్రశ్నలా తీసుకుంటున్నారు. కారణం వెతకడానికి ఆ ప్రశ్న చాలా అవసరం. సొంతంగా డంప్ తీశారంటే కార్ట్రిడ్జ్ కాంటాక్ట్‌లు మురికిగా ఉన్నాయేమో చూడాలి, తుడిచి మళ్లీ డంప్ తీస్తే రెండు హ్యాష్‌లూ ఒకటేనా అని పోల్చాలి. కార్ట్రిడ్జే నకిలీది కావచ్చు. గేమ్‌బాయ్ అడ్వాన్స్ నకిలీలలో సేవ్ చేసే కోడ్‌ని మార్చేస్తారు. డంప్ ఎంత బాగా తీసినా హ్యాష్ కలవదు. ఎక్కడినుంచో దింపుకున్నదైతే ఆ ఫైల్‌ని ఎవరు ఏం చేశారో మనం చెప్పలేం, ఇక్కడ లింకులు ఇవ్వడమూ కుదరదు. ఎమ్యులేటర్ రాయడం వేరు, గేమ్ కాపీలు పంచడం వేరు. 2000లో సోనీ, కనెక్టిక్స్ కేసులో అమెరికా అప్పీల్ కోర్టు ఎమ్యులేటర్ తయారీ వైపే తీర్పు చెప్పింది. గేమ్‌లు పంచుకోవచ్చని మాత్రం అందులో లేదు.

ఎవరూ ఎత్తని ఇంకో విషయం ఉంది. రెట్రోఆర్చ్‌లో స్టేట్ (ఆట ఆపిన క్షణాన్ని ఎమ్యులేటర్ దాచిన ఫైల్) ఆటోమేటిగ్గా లోడ్ అయ్యే ఆప్షన్ ఆన్‌లో ఉండి, కోర్ అప్‌డేట్ అయితే, పాత స్టేట్ కొత్త కోర్‌కి సరిపోక గేమ్ మొదట్లోనే పడిపోవచ్చు. ఫైల్ బాగుంటుంది, ఎమ్యులేటర్ బాగుంటుంది. ఆ ఆప్షన్ ఆపి చూడండి. గేమ్ లోపల చేసిన సేవ్‌కి ఏమీ కాదు, అది వేరే ఫైల్.

కొత్తచెయ్యి

చెప్పినట్టే చేశాను. మెమరీ కార్డ్‌లో ఉన్న సీఎస్‌ఓని కంప్యూటర్‌లో విప్పబోతే మధ్యలో ఎర్రర్ ఇచ్చి ఆగిపోయింది. కంప్యూటర్‌లో దాచుకున్న అదే సీఎస్‌ఓ మాత్రం పూర్తిగా విప్పుకుంది, ఐఎస్‌ఓ హ్యాష్ రీడంప్‌తో కలిసింది. మళ్లీ కార్డ్‌లోకి కాపీ చేసి చూస్తే కార్డ్‌లోని కాపీ హ్యాష్ వేరేగా వస్తోంది. కార్డ్ మెషిన్‌తో పాటే వచ్చింది.

రోమ్‌రాజు

అయితే కార్డ్ మీదే అనుమానం. మెషిన్లతో పాటు వచ్చే పేరులేని కార్డులు త్వరగా పోతాయి. కొన్నిటి మీద రాసిన సైజు కూడా నిజం కాదు, నిజమైన చోటు నిండాక రాసే ఫైళ్లు పాడవుతాయి. మొదట రాసిన గేమ్‌లు అందుకే బాగా ఆడుతూ ఉండొచ్చు.

దారిచూపు

ఒప్పుకుంటున్నా, ఇది హ్యాష్ లేకపోతే దొరికేది కాదు. పేరు, ఫోల్డర్, అనుమతి అన్నీ సరిగ్గానే ఉన్నాయి. ఫోన్‌లో ఆడేవాళ్లకు మాత్రం నేను ముందు అనుమతుల గురించే చెబుతాను.

బిట్‌బాటసారి

కొత్తచెయ్యి గారూ, ముందు ఆ కార్డ్‌లోని సేవ్‌లన్నీ కంప్యూటర్‌లోకి తీసుకోండి. పీఎస్‌పీ సేవ్‌లు పీఎస్‌పీ ఫోల్డర్‌లో సేవ్‌డేటా అన్న దాంట్లో ఉంటాయి. ఆ తర్వాత హెచ్2టెస్ట్‌డబ్ల్యూ లాంటి టూల్‌తో కార్డ్‌ని చివరిదాకా రాయించి, తిరిగి చదివించండి. ఖాళీ చేశాక మొత్తం కార్డ్ మీద చేయాలి, మిగిలిన చోటు మీద మాత్రమే చేస్తే పూర్తి సంగతి తెలియదు. తప్పులు చూపిస్తే ఆ కార్డ్‌ని ఫార్మాట్ చేసి మళ్లీ వాడకండి. కొత్త కార్డ్‌లో గేమ్‌లు కాపీ చేశాక ఈ ఒక్క ఐఎస్‌ఓ హ్యాష్ కార్డ్ మీద నుంచే మరోసారి చూసి ఇక్కడ రాయండి.