కాలం మెలికలను కొలిచే కల్పిత ప్రమాణం: లెక్క కుదరడం లేదు, సాయం కావాలి

ప్రశ్న:
సైన్స్ ఫిక్షన్ నవల రాస్తున్నాను. అందులో ఒక లోయ ఉంది. లోపలికి వెళ్ళేకొద్దీ కాలం నెమ్మదిస్తుంది. దాన్ని కొలిచే పరికరం నాయిక చేతిలో ఉంటుంది. ప్రమాణానికి ‘మెలిక’ అని పేరు పెట్టాను. ఒక మెలిక అంటే ఒక గంట వెనకబడటం అని మొదటి అధ్యాయంలో రాశాను. నాలుగో అధ్యాయంలో ఆమె ఒకేచోట కదలకుండా కూర్చున్నా అంకె పెరుగుతూ పోవాల్సి వస్తోంది. పైగా లోయలో మళ్ళీ ఒక గుహ ఉంది. ఆ రెండింటి మెలికలను కూడాలా, హెచ్చవేయాలా? పాఠకులు నవ్వని నిర్వచనం చెప్పగలరా?

మొదటి జవాబు:
మీ మెలిక రెండు పనులు చేస్తోందండీ. కాలం ఎంత నెమ్మదించిందన్నది ఒకటి, దానివల్ల ఇప్పటిదాకా ఎంత వెనకబడ్డామన్నది ఇంకొకటి. బండిలో వేగం చూపే ముల్లు వేరు, తిరిగిన కిలోమీటర్ల అంకె వేరు కదా. వెనకబాటుకు గంటలు, రోజులు చాలు. మెలికను రేటుకే ఉంచండి.

నిజంగా కొలిచేవాళ్ళూ రేటుతోనే మొదలుపెడతారు. జీపీఎస్ ఉపగ్రహాల్లో గడియారాలు గురుత్వాకర్షణ తక్కువ కాబట్టి రోజుకు 45 మైక్రోసెకన్లు ముందుకు పోతాయి, వేగం వల్ల 7 వెనక్కి వస్తాయి. నికరంగా 38 ముందు. ఆ ‘రోజుకు’ అన్న ముక్క తీసేస్తే అంకెకు అర్థమే ఉండదు.

ఇక గుహ సంగతి. రేటు అంటే ఒట్టి నిష్పత్తి, కాబట్టి హెచ్చవేయాలి. కానీ పరుగెత్తే నాయిక హెచ్చవేతలు చేస్తుందా? శబ్ద తీవ్రతను కొలిచే డెసిబెల్ లాగా సంవర్గమానం (లాగరిథమ్) వాడండి, అప్పుడు హెచ్చవేత కాస్తా కూడికగా మారిపోతుంది. ఒక మెలిక అంటే రెట్టింపు: లోపల ఒక గంట, బయట రెండు. రెండు మెలికలకు నాలుగు గంటలు, మూడింటికి ఎనిమిది, పదింటికి 1024. లోయలో 3, గుహలో మరో 2 ఉంటే కూడితే 5, అంటే 32 రెట్లు. మామూలు కాలం సున్న. లోపలే కాలం వేగంగా నడిస్తే మైనస్.

పెద్ద అంకెలకు కూడా తట్టుకుంటుంది. భాగవతంలో కకుద్మి అనే రాజు బ్రహ్మలోకంలో కాసేపు ఆగి వచ్చేసరికి భూమి మీద 27 చతుర్యుగాలు గడిచిపోతాయి. ఆ కాసేపు ఒక గంట అనుకుంటే దాదాపు 40 మెలికలు, అంతే. ఇటు జీపీఎస్ తేడా మెలికలో వందకోట్ల వంతు కూడా ఉండదు. లోయ బయట ముల్లు కదలకపోవడం సబబే.

అడిగినవారు:
చాలా బాగుందండీ. కానీ పరికరం కూడా లోపలే ఉంటుంది కదా, అదీ నెమ్మదిస్తుంది. దానికి తేడా ఎలా తెలుస్తుంది?

రెండో జవాబు:
దానంతట దానికి తెలియదు. ఒక్క గడియారంతో ఎవరూ కొలవలేరు, బయటినుంచి ఏదో ఒకటి రావాలి. పౌండ్, రెబ్కా అనే భౌతిక శాస్త్రవేత్తలు 1960లో చూపింది అదే. 22.5 మీటర్ల ఎత్తు తేడాలో గామా కిరణాల పౌనఃపున్యం (సెకనుకు ఎన్ని కంపనాలన్నది) ఎంత మారిందో పోల్చి చూశారు.

మీ లోయ అంచున ఆగకుండా మోగే సైరన్ పెట్టండి. పై జవాబులోని నిర్వచనం ఇక్కడ భలే కలిసొస్తుంది: ఒక్కో మెలికకూ లోపలి సెకనులో పడే బయటి కంపనాలు రెట్టింపవుతాయి కాబట్టి, ఆ శబ్దం సరిగ్గా ఒక్కో స్థాయి (ఆక్టేవ్) పైకెక్కుతుంది. మధ్యస్థాయి షడ్జం ఒక మెలిక దగ్గర తారస్థాయి షడ్జంగా వినిపిస్తుంది. పరికరం పాడైనా, సంగీతజ్ఞానం ఉన్న నాయిక చెవితోనే కొలిచేస్తుంది. సైరన్ 100 హెర్ట్జ్ అయితే 7 మెలికల దగ్గర 12,800. ఎనిమిదో మెలికకు 25,600, అది మనిషి చెవికి అందదు. ఆ నిశ్శబ్దాన్ని కథలో వాడుకోకపోతే మీ ఇష్టం!

మూడో జవాబు:
చెవి సరే, కళ్ళ మాటేమిటి? కాంతి కూడా అలాగే మారుతుంది. మనకు కనిపించే కాంతి దాదాపు మొత్తం ఒక్క మెలికకే అతినీలలోహితమైపోతుంది. పది మెలికల దగ్గర ఎక్స్ కిరణాలే. పట్టపగలు లోయలో నాయికను నడిపించకండి, లేదా దట్టమైన రాతి కప్పు పెట్టండి.

అడిగినవారు:
గుహను మొదటి అధ్యాయంలోకే తెస్తాను. పరికరం మీద అంకె ఎలా చూపాలి?

మొదటి జవాబు ఇచ్చినవారు:
పైన మెలికలు, కింద వెనకబాటు రోజుల్లో. మెలికల గడిలో ఒక దశాంశ స్థానం తప్పనిసరి. 0.1 మెలికే లోపలి రోజుకు గంటా నలభై మూడు నిమిషాల తేడా తెస్తుంది.